అక్క మాటను ఫోనుకు నేర్పడం

మా పేటలో ఎవరి ఫోనులో తర్జుమా చేసే యాప్ మొరాయించినా నా దగ్గరికే తెస్తారు. నేను ఎండుచేపలు అమ్ముకునేదాన్ని. అక్షరాలు నేర్చుకున్నది జుట్టు నెరిశాక. అయినా నా దగ్గరికే వస్తారు, ఎందుకంటే దానితో నేను పడ్డన్ని తిప్పలు పేటలో మరొకరు పడలేదు. మాట్లాడితే వినడం లేదంటారు. మైకుకు అనుమతి ఇచ్చావా అని అడుగుతాను. జెట్టీ మీద పనిచెయ్యడం లేదంటారు. అక్కడ నెట్ అందదు, ఇంటి దగ్గరే భాషను దింపుకొని వెళ్ళమంటాను. దాచుకున్న మాటలన్నీ పోయాయని గోల పెడతారు. ఎక్కడికీ పోలేదు, కొడుకు మెయిలుతో తెరిచావు, నీ దానితో తెరువు అంటాను. ఇవన్నీ చిన్న జబ్బులు.

కానీ ఏ ఫోను చేతికిచ్చినా ముందు నేను చేసే పని ఒకటుంది. భాష ఎంచుకునే చోట 'ఆటో' అని ఉంటుంది. ఎదుటివాళ్ళది ఏ భాషో దానంతట అదే కనిపెడుతుందన్నమాట. దాన్ని తీసేస్తాను. ఎందుకు తీస్తావు, అది ఉంటే సులువు కదా అంటారు. సులువే. వినడం చేతకాని చోట కూడా విన్నానని చెప్పేస్తుంది, అదే దాని సులువు.

ఈ సంగతి రాయాలంటే మా అక్క గురించి చెప్పాలి. అక్క అంటే నా తోడికోడలు. మా ఆయన పోయి చాలాకాలమైంది. ఆయన అన్నగారు, అంటే మా బావ, అక్క, నేను పక్కపక్క వాటాల్లో ఉంటాం. పొయ్యిలు వేరైనా కూర గిన్నెలు అటూ ఇటూ తిరుగుతూనే ఉంటాయి.

అక్క మీద అమ్మవారు పూనేది. కాపురానికొచ్చిన కొత్తలోనే మొదలైందట. వేసవిలో సర్కారు పెట్టే చేపల వేట నిషేధం ముగిసి, బోట్లు మళ్ళీ కదిలే ముందు, గుడి ముందర అక్కను పీట మీద కూర్చోబెట్టేవారు. డప్పులు మోగుతుంటే బిందెలకు బిందెలు పసుపునీళ్ళు నెత్తిన పోసేవారు. సాంబ్రాణి పొగలో అక్క ఒళ్ళు ఊగేది, గొంతు మారేది. మాటలు తునకలుగా వచ్చేవి. పక్కన కూర్చున్న బావ ఆ తునకల్ని ఏరి, కలిపి, జనానికి వినపడేలా తిరిగి చెప్పేవాడు. ఏ దిక్కుకు వెళ్ళాలి, ఏ వారం వల కడగాలి, ఎవరి బోటుకు దిష్టి తగిలింది, అన్నీ అలాగే తెలిసేవి. ఆ వాక్కు వినకుండా మా పేట బోటు ఏదీ మొదటి వేటకు కదలదు. నేను నమ్మేదాన్నా అంటే, నమ్మేదాన్నే. ఇప్పుడు కూడా నమ్మనని చెప్పలేను.

నాకు ఆ యాప్ అవసరం రెండు విధాలుగా వచ్చింది. అక్షరాల బడిలో చదవడం వచ్చింది గానీ, చదివిన మాట మా ఇంట్లో మాట కాదు. పుస్తకంలో తెలుగు వేరు, మా పేట తెలుగు వేరు. తెలియని మాట వచ్చినప్పుడల్లా ఒకరి ముఖం చూడడం నాకు గిట్టదు. ఫోనులో వెతుక్కునేదాన్ని. రెండోది వ్యాపారం. స్టీలు ప్లాంటు క్వార్టర్లలో బెంగాలీ ఇల్లాళ్ళు, ఒడియా ఇల్లాళ్ళు నా దగ్గర వాడుకగా కొంటారు. వాళ్ళ మాట నాకు రాదు, నా మాట వాళ్ళకు రాదు. ఆ యాప్‌లో 'నా మాటలు' అని ఒక పేజీ ఉంటుంది. అందులో మన మాటను మన గొంతుతో చెప్పి, దానికి అర్థం మనమే రాసి దాచుకోవచ్చు. కవళ్ళు, కానాగంతలు, టేకు చేపలు, ఉప్పుచేప, చప్పిడి చేప, అన్నీ అందులో పెట్టాను. నేను ఒకటి చెప్పడం, ఫోను ఆడగొంతుతో దాన్ని బెంగాలీలో పలకడం. ఆ గొంతు ఎంత పొడుగు మాట చెప్పినా మధ్యలో ఊపిరి పీల్చుకోదు. మొదట్లో చెవి దగ్గర పెట్టుకోవడానికి ఒళ్ళు జలదరించేది. తరవాత అలవాటైపోయింది.

ఆ ఏడు, నిషేధం మొదలవడానికి కాస్త ముందు, కుళాయి దగ్గర నీళ్ళు పడుతూ అక్క కూలిపోయింది. ఆసుపత్రిలో చాలా రోజులు ఉంచి ఇంటికి పంపారు. కుడి చెయ్యి, కుడి కాలు, ముఖంలో కుడి సగం చచ్చుబడ్డాయి. గొంతు పోలేదు. ఆ గొంతులో ఏమీ మిగల్లేదు. అది ఎలా ఉంటుందో చెప్పడం కష్టం. ఎత్తుపల్లాలు అన్నీ అక్కవే. అడిగినట్టే అడుగుతుంది, తిట్టినట్టే తిడుతుంది, నడుమ ఎవరో చెప్పేది విన్నట్టు ఆగుతుంది, ఆగి నవ్వుతుంది. ఒక్కటి కూడా మాట కాదు. గోడ ఇవతల నా వాటాలోంచి వింటే, అవతల ఆడవాళ్ళు తీరిగ్గా కబుర్లాడుకుంటున్నట్టే ఉండేది. వెళ్ళి చూస్తే అక్క ఒక్కతే, మంచం మీద.

డాక్టరు బావనూ నన్నూ కూర్చోబెట్టి స్పష్టంగా చెప్పాడు. బీపీ పెరగకూడదు. చన్నీళ్ళ స్నానం వద్దు, పొగ వద్దు, హడావిడి వద్దు. ఇంకొకసారి ఇలాగే వస్తే మనిషి దక్కదన్నాడు. బావ తల ఊపాడు.

పేటలో మాత్రం వేరే మాట పుట్టింది. అమ్మ దిగలేదు, అక్క మీదే ఉండిపోయింది, రాత్రీ పగలూ పలుకుతోందన్నారు. కొబ్బరికాయలు పట్టుకుని గుమ్మం దగ్గర నిలబడేవారు. అక్క వాళ్ళను చూసి ఏదో పొడుగ్గా చెప్పేది. వాళ్ళు చేతులు జోడించి వినేవారు. బావ పక్కనే ఉండేవాడు గానీ తిరిగి చెప్పేవాడు కాదు. ఆయనకు ఏరుకోవడానికి తునకలు కూడా దొరకడం లేదు.

ఒక మధ్యాహ్నం బోటు ఓనరు ఒకాయన వచ్చాడు. బావ నన్ను కేకేశాడు.

"నీ ఫోను అన్ని బాసలూ సెప్తాది కదేటి. తెచ్చి దీని ముందెట్టు."

"మడిసి బాసైతే సెప్తాది బావా. ఇదేటి బాస?"

"అదే తెల్సుకుందుమని. ఎట్టమంతన్నాను కదా."

తెలుగు పెట్టి అక్క ముందు ఉంచాను. ఫోను ఏమీ రాయలేదు. ఓనరు నా భుజం మీంచి చూస్తూ, "ఆటో ఎట్టమ్మా, మా ఇంట్ల అలాగే ఎడతారు" అన్నాడు. పెట్టాను. తెర మీద చుక్కలు తిరిగాయి. భాష పేరు ఒకటి వచ్చి పోయింది, ఇంకొకటి వచ్చి పోయింది. చివరికి ఇండోనేషియా భాష అని నిలబడింది. తరవాత ఆ ఊపిరి లేని ఆడగొంతు చక్కని తెలుగులో చెప్పింది.

"నీళ్ళ కింద ఇల్లు ఉంది. తలుపు తెరవకండి."

అక్క మాట్లాడడం ఆపింది. ఫోను వైపు చూసింది. మళ్ళీ మొదలుపెట్టింది.

"అందరూ మేలుకునే ఉన్నారు," అంది ఫోను.

ఓనరు చెప్పులు విడిచి గుమ్మం దాకా వెనక్కి జరిగాడు. పోర్టులోకి రావడానికి వంతు కోసం బయట సముద్రంలో ఓడలు లంగరు వేసుకుని ఉంటాయి. మా వీధి చివర నిలబడితే కనబడతాయి. బావ అటు చెయ్యి చూపించాడు.

"ఆ ఓడలోడే. ఎవుడో పడిపోనాడు నీళ్ళల్ల. అమ్మ ఆణ్ణి ఎంటెట్టుకుని వొచ్చినాది."

"అయితే వాక్కు దినం ఫోను ఎట్టాల్సిందే," అన్నాడు ఓనరు. "ఈసారి అమ్మ ఏటంతాదో మాటకి మాట తెల్సిపోద్ది."

"వాక్కేటి? దీన్ని పీటెక్కిత్తారేటి?" అన్నాను. "బావా, డాట్రు ఏటి సెప్పినాడు? సన్నీళ్ళు పోసీమన్నాడేటి?"

"డాట్రికి అమ్మ తెల్సునేటి."

"అమ్మకి బీపీ తెల్సునేటి?"

ఓనరు నవ్వబోయి, ఆపుకుని అటు తిరిగాడు. బావ నవ్వలేదు. ఆయన మొండివాడు కాదు, భయస్తుడు. అక్కను పీట ఎక్కించకపోతే అమ్మకు కోపం వస్తుందని ఒక భయం, ఎక్కిస్తే అక్క దక్కదని ఇంకో భయం. రెండిట్లో పాత భయం గెలిచింది. నాకు మాత్రం ఒకటే. పసుపునీళ్ళ బిందె ఆ నెత్తి మీద పడకూడదు. నిషేధం అయిపోవడానికి ఇంకా కొద్ది వారాలే ఉన్నాయి.

ముందు ఫోను సంగతి తేల్చుకోవాలనుకున్నాను. హార్బరుకు వెళ్ళి, ఆటో మీదే ఉంచి, ఐసు పిండి చేసే మిషను ముందు పెట్టాను. మిషను గరగరలాడుతుంటే ఫోను ఏదో భాష పేరు చెప్పి, "మీరు ఎప్పుడు వచ్చారు?" అని అడిగింది. జెట్టీకి కట్టిన టైర్లను బోటు రాసుకుంటూ కీచుమంటోంది. దానికీ పెట్టాను. "అమ్మా, ఇక్కడ చీకటిగా ఉంది," అంది. అయితే ఇదన్నమాట. ఏదో ఒకటి కనిపెట్టమని దానికి చెప్పి వదిలేశాక అది ఊరుకోలేదు. వట్టి చప్పుడు ఇచ్చినా తన కడుపులోంచి ఒక మాట తీసి పెడుతుంది. నా మనసు తేలికపడింది. పోనీ సముద్రానికి కూడా పెట్టి చూద్దామని అడ్డుకట్ట రాళ్ళ దాకా నడిచి, అల రాళ్ళ సందుల్లోకి దూరి గుటుక్కుమనే చోట ఫోను పట్టుకున్నాను.

"నీళ్ళ కింద ఇల్లు ఉంది," అంది.

మిట్టమధ్యాహ్నం. కొండ మీద లైట్‌హౌసు తెల్లగా మెరుస్తోంది. అయినా ఫోనును చటుక్కున కొంగులో చుట్టేశాను. యాప్ దగ్గర ఉన్న మాటలు ఏవో నాలుగే ఉంటాయి, అవే తిప్పితిప్పి ఇస్తుందని నాకు నేనే చెప్పుకున్నాను. ఇప్పటికీ అలాగే చెప్పుకుంటాను. ఆ రోజు మాత్రం ఇంటికి వచ్చేదాకా వెనక్కి తిరిగి చూడలేదు.

బావకు చెప్పాను. ఐసు మిషను మాట్లాడింది, టైరు మాట్లాడింది, ఇదంతా వట్టిదని చెప్పాను. సముద్రం సంగతి ముందు చెప్పలేదు. చివరికి అదీ చెప్పాను, దాచడం నాకు చేతకాదు. ఆయనకు అదొక్కటే చెవికెక్కింది.

"సూసేవా. సముద్రమూ అదే అంతన్నాది."

ఇంక అక్కనే అడగాలి. అక్క నోటినుంచి వచ్చేదాంట్లో ఒక్కటైనా నిలకడగా ఉండకపోదా అనిపించింది. పొద్దున్నే చేపల బేరం ముగించుకొచ్చి ఆమె దగ్గర కూర్చునేదాన్ని. నీళ్ళ గ్లాసు చూపిస్తే ఒకటి అనేది. కాసేపాగి అదే గ్లాసు చూపిస్తే ఇంకొకటి అనేది. దువ్వెన, చీర, ఉల్లిపాయ, ఏది చూపించినా అంతే, చేతిలో నీళ్ళలా జారిపోయేవి. ఫోనులో దాచడం, తీసెయ్యడం, ఇదే పని. ఎన్నో రోజులు ఏమీ నిలవలేదు.

ఒకనాడు కూర్చుందామని మంచం కింద ఉన్న పీటను ఇవతలికి లాగాను. వాక్కుకు వాడే పీట అది. అక్క ముఖం గోడ వైపు తిప్పేసుకుంది. "దుమే," అంది. "దుమే, దుమే." నేను పీటను మళ్ళీ లోపలికి తోశాను. ఊరుకుంది. మళ్ళీ లాగాను. "దుమే."

అక్కకు రాగులతో కాచే సోడంబలి అంటే మొదటినుంచీ పడదు. మర్నాడు ఒక గిన్నెలో తెచ్చి చెంచా నోటి దగ్గర పెట్టాను. "దుమే." టీ పెట్టాను. ఏమీ అనకుండా తాగింది. వేపమండ తెచ్చి చూపించాను. "దుమే." బజ్జీ చూపించాను. ఎడమ చెయ్యి చాపింది.

బావకు చెప్తే, "నువ్వనుకుంతన్నావు గాని, అది అమ్మ ఏ బాసలో ఏటంతన్నాదో," అన్నాడు. నా నోటితో చెబితే ఎవరూ వినరని అప్పుడే అర్థమైంది. ఇండోనేషియా మాటను ఫోను చెప్పింది కాబట్టి నమ్మారు. ఇదీ ఫోనే చెప్పాలి.

ఆ మాటను అక్క గొంతుతోనే 'నా మాటలు' పేజీలో పెట్టి, అర్థం 'వద్దు' అని రాశాను. పని చెయ్యలేదు. ఆటో మీద ఉన్నంతసేపు యాప్ ఆ పేజీని అసలు తెరిచి చూడదు. అది తెలియడానికి నాకు రెండు పూటలు పట్టింది. ఆటో తీసి తెలుగు పెట్టాను. అయినా పలకలేదు. ముందు దాచి తీసేశాననుకున్న పాత గొంతులు లోపల ఇంకా ఉన్నాయి, వాటితో ఇది కలిసిపోతోంది. అన్నీ వెతికి పూర్తిగా చెరిపేశాను. అప్పుడు ఫ్యాను చప్పుడు అడ్డం వచ్చింది. ఫ్యాను ఆపి, కిటికీ మూసి, చెమటలు కక్కుకుంటూ మళ్ళీ దాచాను. సెట్టింగుల్లో 'ముందు నా మాటలు చూడు' అనే గడిలో టిక్కు పెట్టాను. మీలో ఎవరికైనా సొంత మాట పలకకపోతే ఈ వరసలోనే చూసుకోండి.

పీట ఇవతలికి లాగాను. "దుమే," అంది అక్క.

"వద్దు," అంది ఫోను.

అక్క దాని వైపు అలాగే చూసింది. మళ్ళీ అంది. అది మళ్ళీ చెప్పింది. బాగున్న సగం ముఖం వణికింది. ఆపకుండా అంటూనే ఉంది, ఆ ఊపిరి లేని గొంతు ఆమె వెనకే చెబుతూనే ఉంది, మూసిన గదిలో ఒక ప్రాణమున్న గొంతు, ఒక ప్రాణం లేని గొంతు ఒకదాన్ని ఒకటి పట్టుకుని తిరుగుతున్నట్టు. నాకు భయం వేసి ఫోను కట్టేశాను. అక్క నా చీర కొంగు పట్టుకుని వదల్లేదు. మళ్ళీ తెరవమని.

వాక్కు రోజు పొద్దున్నే గుడి ముందు పేటంతా ఉంది. అక్కను కుర్చీలో మోసుకొచ్చారు. పక్కన పీట, దాని ముందు పసుపునీళ్ళ బిందెలు, డప్పులు. ఫోను నా చేతిలో ఉంది. ఆటో పెట్టావా అని ఓనరు అడిగాడు. అంతా సరిగ్గానే పెట్టానన్నాను.

మా దగ్గర ఒక పద్ధతి ఉంది. అమ్మను ముందు అడక్కుండా పీట ఎక్కించరు. మామూలుగా అది వట్టి లాంఛనం, అడిగిన వెంటనే బిందె ఎత్తుతారు. నేను ఆశ పెట్టుకున్నది ఆ ఒక్క ప్రశ్న మీదే. బావ బిందె రెండు చేతులా ఎత్తి పట్టుకుని అడిగాడు.

"అమ్మా, పీటెక్కుతావా?"

అక్క పీట వైపు చూసింది. "దుమే."

"వద్దు," అంది ఫోను.

డప్పులు ఒకటొకటిగా ఆగిపోయాయి. వెనక నుంచి ఎవరో, "ఏటి వద్దంట? ఏటకి ఎల్లొద్దంతన్నాదా?" అన్నారు. ఆ మాట వెనక్కి పాకింది. ఓనరు ముఖం తెల్లబోయింది. డీజిలు నింపించి, ఐసు ఎక్కించి, మనుషుల్ని కుదుర్చుకుని ఉన్నాడు.

"బోట్లు కదలొద్దంతన్నాదేటి అమ్మ?"

"బోట్ల గురించి ఎవులడిగేరు?" అన్నాను. "పీటెక్కుతావా అనడిగేడు. ఎక్కనన్నాది. అంతే."

"నువ్వూరుకో. అమ్మ మాటకి అర్దం సెప్పేది నువ్వు కాదు, ఆడు."

అందరూ బావ వైపు తిరిగారు. ఇన్నేళ్ళూ తునకలు ఏరి కలిపిన మనిషి. పసుపునీళ్ళు బిందె అంచు మీంచి ఒలికి ఆయన కాళ్ళ మీద పడుతున్నాయి. ఆయన వంగి అక్క ముఖంలో ముఖం పెట్టాడు. అంత దగ్గరగా ఉన్నాను కాబట్టి వినిపించింది.

"ఎవులంతన్నారు? అమ్మేనా? నువ్వా?"

అక్క ఎడమ చెయ్యి ఎత్తింది. మెల్లగా, బరువుగా ఎత్తి, అరచెయ్యి ఆయన నోటి మీద పెట్టింది. మూసి ఉంచింది. కళ్ళు ఆర్పకుండా ఆయన్నే చూసింది. ఆ చూపు అక్కదో కాదో నేను చెప్పలేను. ఊగడం లేదు, వణకడం లేదు. నేను ఎప్పుడూ అక్కలో చూడనంత నిశ్చలంగా ఉంది.

బావ బిందె కింద పెట్టాడు. ఆమె చేతిని తన నోటి మీంచి మెల్లగా తీసి ఆమె ఒళ్ళో పెట్టి జనం వైపు తిరిగాడు.

"అమ్మ దిగిపోనాది," అన్నాడు. "దీనిమీద ఇంక నేదు. ఏటకెల్తే ఎల్లండి, మానితే మానండి. నన్నడక్కండి."

కుర్చీ ఆయనే ఒక పక్క పట్టాడు, రెండో పక్క నేను పట్టాను. వెనక నుంచి తిట్లు వినిపించాయి. ఎక్కువ నన్నే.

బోట్లు కొన్ని మర్నాడే కదిలాయి, కొన్ని ఇంకో పేటలో వాక్కు అడిగి కదిలాయి. అందరికీ మామూలు చేపలే పడ్డాయి. ఓనరు కొన్నాళ్ళు నాతో మాట్లాడలేదు. తరవాత ఆయన ఫోనులో మాటలు పోతే నా దగ్గరికే తెచ్చాడు.

అక్క బతికే ఉంది. కొబ్బరికాయలు రావడం మానేశాయి. మాట మారలేదు, అలాగే ప్రవాహంలా సాగుతుంది. సాయంత్రం బావ ఆమె పక్కన కూర్చుని ఊఁ కొడుతుంటాడు. ఒకసారి అడిగాను, "ఏటంతాది బావా?"

"నానేటి సెప్తాను," అన్నాడు. "ఇన్నాళ్ళూ నానే సెప్పీసేను కదా. ఇప్పుడు సెవొగ్గి ఇంతన్నాను."

మొన్నొక సాయంత్రం బావ వన్ టౌన్ బజారుకు వెళ్ళి ఇంకా రాలేదు. నేను గుమ్మంలో కూర్చుని చేపలు వేరు చేస్తున్నాను. లోపల అక్క మాట్లాడుతోంది. ఏదో అడిగింది. ఆగింది. జవాబు విన్నదానిలా తల ఊపింది. నవ్వింది. ఆయన కూర్చునే ముక్కాలిపీట ఖాళీగా ఉంది. అక్క దాని వైపు చూడడం లేదు. దానికి కాస్త ఇవతల, గోడకు ఆనుకుని ఎవరైనా నిలబడితే ముఖం ఎంత ఎత్తులో ఉంటుందో అంత ఎత్తుకు చూస్తోంది.

నేను లేచి దీపం వేశాను. అక్క నా వైపు తిరిగి, ఆ పక్కకు చెయ్యి చూపించి, పరిచయం చేస్తున్నట్టు ఏదో చెప్పింది. పలకకపోవడం తప్పుగా అనిపించి, ఊఁ అన్నాను.